ఆస్టా నీల్సన్ కెరీర్: మూకీల నాటి డానిష్ తారని ఎక్కడ మొదలుపెట్టి, ఎలా చూడాలి

అడిగిన ప్రశ్న ఇది: ఆస్టా నీల్సన్‌ని యూరప్ సినిమాకి తొలి పెద్ద తార అంటారు. ఇంటర్నెట్‌లో దొరికిన ఒక నాట్యం ముక్క చూస్తే మనుషులు గబగబా పరుగెత్తుతున్నారు, ఆ పేరు ఎందుకొచ్చిందో తెలియలేదు. ఆమె కెరీర్ ఎలా నడిచింది? ఏ సినిమాతో మొదలుపెట్టాలి? ఏ కాపీ నమ్మాలి?

ఆ ముక్క 1910 నాటి ‘ఆఫ్‌గ్రుండెన్’ (అగాధం) లోది. దాన్ని విడిగా చూసినవాళ్లు ఆమె ఒళ్లు విరుచుకుని ఆడిన ఆటవల్లే పేరు వచ్చిందనుకుంటారు. పేరు రావడానికి అసలు కారణాలు రెండు. ఒకటి, రంగస్థలం మీద అలవాటైన చేతులూపుడు, కళ్లు తిప్పుడు అన్నీ తగ్గించి, కెమెరాకి ఎంత కావాలో అంతే ఇచ్చిన నటన. రెండోది, సినిమాని మీటర్ల లెక్కన సరుకులా అమ్మే రోజుల్లో ఆమె పేరు మీద సినిమాలు తీయకముందే అమ్ముడుపోయేలా ఏర్పడిన వ్యాపార పద్ధతి. ఈ రెండూ కలిసి నడిచినంత కాలం ఆమె పైన ఉంది. రెండోది చేజారాక నటన ఎంత ముదిరినా అవకాశాలు తగ్గుతూ వచ్చాయి.

ఇంకో విషయం ముందే తెలుసుకోవాలి. డానిష్ తార అంటాం గానీ, ఆమె చేసిన డెబ్బై పైచిలుకు సినిమాల్లో డెన్మార్క్‌లో తీసినవి నాలుగే: ‘ఆఫ్‌గ్రుండెన్’, 1911లో ‘డెన్ సోర్టె డ్రోమ్’ (నల్లని కల), ‘బాలెట్‌డాన్సెరిండెన్’ (బాలే నర్తకి), 1919లో ‘మోడ్ లూసెట్’ (వెలుగు వైపు). మిగతావన్నీ జర్మనీవి. డెన్మార్క్‌లో పెద్ద కంపెనీ నార్డిస్క్. ఆ కంపెనీకి ఆమె చేసినవి చివరి రెండే. ఆమెని నార్డిస్క్ తార అని రాసిన వ్యాసం కనిపిస్తే మిగతా వివరాలు కూడా ఒకటికి రెండుసార్లు సరిచూసుకోండి.

ఇక వేగం సంగతి. ఇది సరిచేయకుండా మూకీ నటన గురించి ఏ అభిప్రాయానికీ రాకూడదు. అప్పట్లో కెమెరాని చేత్తో తిప్పేవాళ్లు. 1910 ప్రాంతంలో సెకనుకి సుమారు 16 నుంచి 18 ఫ్రేములు (విడి బొమ్మలు) పడేవి, 1920లు నడిచేకొద్దీ 20, ఆపైన. టాకీలు వచ్చాక 24 స్థిరపడింది. వెయ్యి మీటర్ల 35 మిల్లీమీటర్ల ఫిల్మ్‌లో దాదాపు 52,500 ఫ్రేములుంటాయి. 16 చొప్పున నడిపితే 54–55 నిమిషాలు, 18 చొప్పున 48–49 నిమిషాలు వచ్చేది, 24 చొప్పున నడిపితే 36–37 నిమిషాల్లో అయిపోతుంది. పాత వీడియో కాపీలు చాలావాటిని ఆ 24తోనే ఎక్కించారు. ఆమె తల మెల్లగా తిప్పి, ఒక్క క్షణం ఆగి, అప్పుడు చూపు దించే చోట మీకు కనిపించేది ఒక్క విదిలింపు. ఆగడం పోయిందంటే నటనే పోయినట్టు.

సరిచేయడం కష్టమేమీ కాదు. యూట్యూబ్‌లో అయితే వేగాన్ని 0.75కి దించండి. 18 ఫ్రేముల బొమ్మని 24తో నడిపినప్పుడు సరిపోయే లెక్క అదే. వీఎల్‌సీ అనే వీడియో ప్లేయర్‌లో చదరపు బ్రాకెట్ మీటలతో 0.7, 0.8 మధ్య పెట్టి చూడండి. సంగీతం సాగిపోయి చికాకు పెడుతుంది కాబట్టి మ్యూట్ చేసేయండి. సరైన వేగమో కాదో నటుల్ని చూసి తేల్చకూడదు, వాళ్లు కావాలనే వేగంగానో నిదానంగానో చేసి ఉండొచ్చు. వెనక వీధిలో నడిచే మామూలు జనాన్ని, గుర్రబ్బండిని, గ్లాసులో పోసే నీళ్లని చూడండి. అవి సహజంగా ఉంటే వేగం కుదిరినట్టే. ఒక జాగ్రత్త: ఫిల్మ్ ఆర్కైవులు ఇటీవల బయటపెట్టిన కాపీల్లో వేగం ముందే సరిచేసి ఉంటుంది, వాటిని మళ్లీ తగ్గిస్తే నీళ్లలో నడిచినట్టు అవుతుంది.

వేగంతో పాటు అంచు కూడా చూసుకోవాలి. మూకీ ఫ్రేము ఫిల్మ్ వెడల్పంతా వాడుకునేది. టాకీలొచ్చాక ఎడమ పక్కన కొంత మేర సౌండ్‌ట్రాక్‌కి పోయింది. మూకీ నెగెటివ్‌ని టాకీ కొలతలో కాపీ తీస్తే ఎడమ అంచు తెగిపోతుంది. డానిష్ సినిమాల్లో తలుపులు, అద్దాలు, చాటుగా చూసే మనుషులు ఎక్కువగా అంచుల్లోనే ఉంటారు కాబట్టి ఈ కోత మామూలు నష్టం కాదు. బొమ్మ ఒక పక్కకి ఒరిగినట్టు, ఎడమవైపు మనిషి సగమే ఉన్నట్టు కనిపిస్తే వేరే కాపీ వెతకండి.

ఆమె కోపెన్‌హేగెన్‌లో 1881 సెప్టెంబరు 11న పేద కుటుంబంలో పుట్టింది. ఆమె పద్నాలుగో ఏట తండ్రి పోయాడు, తల్లి బట్టలుతికి ఇల్లు నడిపింది. రాయల్ థియేటర్ నటశిక్షణలో చోటు దొరికింది. 1901లో కూతురు జెస్టా పుట్టింది. తండ్రి ఎవరన్నది ఆమె చివరిదాకా బయటపెట్టలేదు. ఆ తర్వాత డాగ్మార్ థియేటర్, నార్వే, స్వీడన్ పర్యటనలు, 1907 నుంచి కోపెన్‌హేగెన్‌లోని న్యూ థియేటర్. మూడు పదుల వయసు దగ్గరపడుతున్నా ఇచ్చేవన్నీ చిన్న వేషాలే. ఆ థియేటర్‌లోనే పనిచేసే ఉర్బాన్ గాడ్, ఆమెలో ఏముందో నాటకాల వాళ్ల కళ్లబడేలా ఒక సినిమా కథ రాశాడు. అతను అప్పటికి ఒక్క సినిమా తీసినవాడు కాదు. కోస్మోరామా హాలు యజమాని యాల్మార్ డేవిడ్‌సెన్ పెట్టుబడి పెట్టాడు, మొత్తం ఖర్చు 8,000 క్రోనర్లు. కెమెరా ఆల్ఫ్రెడ్ లిండ్. ‘ఆఫ్‌గ్రుండెన్’ 1910 సెప్టెంబరు 12న కోస్మోరామాలో విడుదలైంది. ఆమెకి ఇరవై తొమ్మిదేళ్లు నిండి అప్పటికి ఒక్కరోజు.

ఈ ఒక్క సినిమా దగ్గర తీరిగ్గా ఆగాలి. నిడివి నలభై నిమిషాలకి కాస్త తక్కువ. అప్పటి లెక్కలో అది పెద్ద సినిమా. అదే ఏడాది ఓర్హుస్‌లోని ఫోటోరామా కంపెనీ తీసిన ఏడువందల మీటర్ల పైచిలుకు సినిమా ఒకటి హిట్టయ్యాక, పెద్ద కథ చెబితే జనం కూర్చుంటారని డెన్మార్క్‌లో నమ్మకం కుదిరింది. ‘ఆఫ్‌గ్రుండెన్’ ఆ గాలిలో వచ్చిందే. కథ క్లుప్తంగా: మాగ్డా అనే సంగీతం టీచరుకి ట్రాములో పాస్టరు కొడుకు పరిచయమవుతాడు. అతని తల్లిదండ్రుల దగ్గరికి వేసవికి వెళ్తుంది. ఆ ఊరికి సర్కస్ వస్తుంది, అందులో కౌబాయ్ వేషగాడు రుడాల్ఫ్‌తో రాత్రికి రాత్రి లేచిపోతుంది. అతను మోసగాడు. దిగజారి దిగజారి ఒక తోట హోటల్లో పియానో వాయించుకునే దశకి వస్తుంది. చివరికి అతన్ని పొడిచేస్తుంది. రుడాల్ఫ్‌గా పౌల్ రోయ్‌మెర్ట్ చేశాడు. తర్వాతి కాలంలో డానిష్ రంగస్థలం మీద మహానటుడనిపించుకున్నాడు.

నాట్యం సీనుని కాస్త దగ్గరగా చూడండి. కెమెరా ప్రేక్షకులు కూర్చునే వైపు లేదు, స్టేజీకి పక్కన ఉంది. కాబట్టి మనకి కనిపించేది హాల్లో జనం చూసే ఆట కాదు, ఆట వెనక ఆ ఇద్దరి మధ్య నడిచేది. ఆమె తాడుతో అతన్ని కట్టేస్తుంది, బిగుతైన నల్లగౌనులో అతని చుట్టూ తిరుగుతూ ఒంటికి ఒళ్లు రాస్తుంది. అతను కట్టేసినందుకు కదల్లేడు. ఫ్రేములో కదిలేది ఒక్కటే ఆకారం. లేత రంగు వెనకతెర ముందు సన్నటి నల్లని గీతలాంటి ఒళ్లు. మాట లేదు, క్లోజప్ లేదు. అయినా కోపం, కోరిక, పొగరు మూడూ నడుములోనూ భుజాల్లోనూ వేరువేరుగా తెలుస్తాయి. జనాన్ని హాలుకి లాగింది ఈ సీనే, అందులో అనుమానం లేదు. కానీ దీనికి ముందూ వెనకా ఆమె ఎంత నిశ్చలంగా ఉందో చూసినవాళ్లకే దీని బలం తెలుస్తుంది.

నా లెక్కలో అసలు సీను చివరిది. హత్య జరిగాక పోలీసులు ఆమెని తీసుకెళ్తారు. 1910లో ఏ నటి అయినా ఇక్కడ జుట్టు పీక్కుని, చేతులు పైకెత్తి, మోకాళ్ల మీద పడేది. ఆమె నడుస్తుంది, అంతే. ముఖం ఖాళీగా ఉంటుంది, ఒళ్లు తనది కానట్టు అడుగులు పడతాయి. చుట్టూ ఉన్నవాళ్లు మామూలు రంగస్థలం పద్ధతిలో ఉలిక్కిపడుతుంటారు, ఆ పోలికలోనే తేడా తేటతెల్లమవుతుంది. చూసేటప్పుడు ఒక చిట్కా: ముఖం కోసం వెతక్కండి. అప్పటి కెమెరా మోకాళ్ల దాకానో పాదాల దాకానో మనిషిని చూపేంత దూరంలో ఉండేది. చేతివేళ్లు, మెడ, వీపు, నడక, వీటినే చూడండి. వీపు తిప్పి కూడా సీను నడపగలనని ఆమెకి తెలుసు.

ఆ తెల్లటి ముఖం, నల్లటి కళ్లు కూడా కొంతవరకు ఫిల్మ్ గుణమే. అప్పటి ఆర్థోక్రొమాటిక్ ఫిల్మ్‌కి ఎరుపు కనపడదు, నీలం మరీ ఎక్కువ కనపడుతుంది. ఎర్ర పెదాలు నల్లగా పడతాయి, లేత నీలి కళ్లు వెలిసిపోయి గుడ్డిగా కనిపిస్తాయి, ఎర్రబడ్డ చర్మం మచ్చలు మచ్చలుగా వస్తుంది. నల్లటి పెద్ద కళ్లు, నల్లటి జుట్టు, సన్నటి ముఖం ఉన్న ఆమెకి ఈ ఫిల్మ్ బాగా కలిసొచ్చింది. కాంట్రాస్టు పెంచేసిన చెడ్డ కాపీల్లో మాత్రం కళ్లు రెండు నల్లటి గుంటలై చూపు ఎటుందో తెలియదు. అలాంటి కాపీ చూసి “అతి నటన” అని తేల్చేయడం ఆమెకి అన్యాయం.

ఇక వ్యాపారం. 1910 నాటికి సినిమా అంటే మీటర్ల లెక్కన కొనుక్కునే సరుకు. హాలు యజమాని కొన్నాడంటే ఆ కాపీ అతనిది. ఆడించుకుని, అరిగాక తక్కువ ధరకి ఇంకొకడికి అమ్ముకునేవాడు. ఒకే ఊళ్లో ఒకే సినిమా నాలుగు హాళ్లలో ఆడేది, ధర పడిపోయేది. తీసేవాడికి ఎక్కువ ఖర్చు పెట్టే ధైర్యం ఉండేది కాదు. డ్యూసెల్‌డార్ఫ్‌కి చెందిన లుడ్విగ్ గాట్‌షాల్క్ జర్మనీలో ‘ఆఫ్‌గ్రుండెన్’ హక్కులు తీసుకుని, దాన్ని ‘మోనోపోల్‌ఫిల్మ్’గా వదిలాడు. అంటే ఒక ఊరికి, ఒక గడువుకి ఒక్క హాలుకే హక్కు. పక్క హాల్లో దొరకదు. టికెట్టు ధర పెంచొచ్చు, ప్రకటనలు వేసుకోవచ్చు. హాలు యజమానులు పోటీపడి కొన్నారు. పోటీ పడాలంటే జనం గుర్తుపట్టి అడిగే పేరొకటి ఉండాలి. కంపెనీ గుర్తు చూసి కొనే రోజులు పోయి నటి పేరు చూసి కొనే రోజులు వచ్చాయి. జర్మనీలో తారల పద్ధతి (స్టార్ సిస్టమ్) మొదలైంది ఈ లెక్కల పుస్తకంలోనే, దాని మొదటి పద్దు ఆస్టా నీల్సన్.

1911లో ఆమె, గాడ్ బెర్లిన్ చేరారు. డాయిచె బయోస్కోప్ కంపెనీకి సినిమాలు తీశారు. అదే ఏడాది ఫ్రాంక్‌ఫర్ట్ హాళ్ల వ్యాపారి, ‘యూనియన్’ సంస్థ అధిపతి పాల్ డేవిడ్‌సన్ రంగంలోకి దిగాడు. ఆమె సినిమాలని ఏడాదికి ఎనిమిది చొప్పున ‘ఆస్టా నీల్సన్ సిరీస్’గా, ఒక్క అడుగు షూటింగ్ జరగకముందే హాళ్లకి అమ్మేశారు. హాలు యజమాని కథ అడగడు, పేరు చాలు. ముందే వచ్చిన డబ్బుతో సెట్లు, దుస్తులు, ఔట్‌డోర్ షూటింగులు. కథలు గాడ్ రాసేవాడు, దర్శకత్వం కూడా అతనే. కథ ఎంపికలో, దుస్తుల్లో ఆమె మాట చెల్లేది. 1912లో ఇద్దరూ పెళ్లి చేసుకున్నారు.

బెర్లిన్ నగరంలో మేడ మీది పాత స్టూడియో చాలక, డాయిచె బయోస్కోప్ తరఫున కెమెరామన్ గైడో సీబర్ ఊరి బయట నోయ్‌బాబెల్స్‌బెర్గ్‌లో గాజు స్టూడియో కట్టించాడు. 1912 ఫిబ్రవరి 12న అక్కడ మొదటి షాట్ పడింది ఆమె సినిమా ‘డెర్ టోటెన్‌టాన్స్’ (మృత్యు నృత్యం) కోసమే. ఇవాళ బాబెల్స్‌బెర్గ్ అని ప్రపంచమంతా చెప్పుకునే స్టూడియో పుట్టింది ఆమె సిరీస్ కోసం తీసిన సినిమాతో.

ఈ పద్ధతిలో లోపమూ ఉంది. ఏడాదికి ఎనిమిది అంటే నెలన్నరకి ఒకటి. గాడ్ కథలు ఒకే అచ్చులో పడటం మొదలైంది: మంచి ఇంటి అమ్మాయి, తప్పటడుగు, పతనం, చావు. ఆ కాలం సినిమాలు నాలుగు వరసగా చూస్తే విసుగొస్తుంది. అందుకే వాటిని సంవత్సరాల వరసలో చూడమని ఎవరికీ చెప్పకూడదు. ఏరుకుని చూడాలి. 1911 నాటి ‘డెర్ ఫ్రెమ్డె ఫోగెల్’ (పరాయి పిట్ట) జర్మనీలోని ష్ప్రేవాల్డ్ కాలువల మధ్య తీసింది. కథకన్నా పడవలు, నీళ్ల మీద వెలుగు కోసం చూడొచ్చు. 1913 నాటి ‘డీ సఫ్రాగెట్’లో స్త్రీల ఓటు హక్కు పోరాటంలో చేరిన యువతి. ఇతివృత్తం పదునైనదే, ముగింపు మాత్రం పెళ్లికి జారిపోతుంది.

ఆమె హాస్యం సంగతి ఎవరూ పెద్దగా చెప్పరు, అది నాకు బాధ. 1914 జనవరిలో విడుదలైన ‘ఎంగెలైన్’ (చిట్టి దేవత) తప్పకుండా చూడాలి. ఆస్తి కోసం పదిహేడేళ్ల అమ్మాయి, అమెరికా నుంచి వచ్చిన మేనమామ ముందు పన్నెండేళ్ల పిల్లలా నటించాలి. నటికి అప్పటికి ముప్ఫై రెండేళ్లు. ఇక్కడ ఆమె పన్నెండేళ్ల పిల్లని అనుకరించడం లేదు. పన్నెండేళ్ల పిల్లని అనుకరించడానికి తంటాలు పడే పదిహేడేళ్ల అమ్మాయిని చేస్తోంది. మేనమామ అటు తిరగ్గానే భుజాలు సర్దుకుని పెద్దపిల్ల అవుతుంది, ఇటు తిరగ్గానే మోకాళ్లు వంకర పోతాయి. రెండు వయసుల మధ్య ఆ మార్పు ఒక్క క్షణంలో, కట్ లేకుండా, ఒకే షాట్‌లో జరుగుతుంది. అదే ఏడాది వచ్చిన ‘సపాటాస్ బాండె’ (సపాటా ముఠా) లో ఒక సినిమా యూనిట్‌ని జనం నిజం దొంగలనుకుంటారు. ప్యాంటు, బూట్లలో ఆమె నడక చూస్తే తర్వాత ఆమె వేసిన హామ్లెట్ ఎక్కడినుంచి వచ్చాడో అర్థమవుతుంది.

మొదటి ప్రపంచ యుద్ధం మొదలయ్యాక గాడ్‌తో బంధం తెగింది, 1918లో విడాకులయ్యాయి. 1916లో ఆమె వేరే దర్శకులతో కొన్ని సినిమాలు చేసింది. అవి 1918 దాకా ఒక్కొక్కటే బయటికొచ్చాయి. అందుకే ఫిల్మోగ్రఫీల్లో (సినిమాల పట్టికల్లో) తీసిన ఏడాది, విడుదలైన ఏడాది కలిసిపోయి గందరగోళంగా ఉంటుంది. వాటిలో ‘డాస్ లీబెస్-ఆబేట్సే’ (ప్రేమ అఆలు) తేలిక హాస్యం. పిరికి కాబోయే భర్తకి మగతనం నేర్పడానికి తనే మగవేషం వేస్తుంది. ‘డీ బోర్జెన్‌కోనిగిన్’ (షేర్‌మార్కెట్ రాణి) లో వ్యాపారం నడిపే స్త్రీ, నాకు ఎంతో ఇష్టమైన వేషం. ‘డాస్ ఎస్కిమోబేబీ’లో గ్రీన్‌లాండ్ నుంచి బెర్లిన్ తెచ్చిన స్త్రీగా చేసింది. ఆ జాతిని చూపిన తీరు ఇవాళ మింగుడుపడదు. చూసేవాళ్లు ఆ సంగతి తెలిసి చూడాలి. 1919లో దర్శకుడు ఎర్న్‌స్ట్ లూబిచ్‌తో చేసిన ‘రౌష్’ (మత్తు) ఇప్పుడు లేదు. అప్పట్లో వాడిన నైట్రేట్ ఫిల్మ్ తనంతట తానే కుళ్లిపోతుంది, ఆడి ఆడి అరిగిన కాపీలని అందులోని వెండి కోసం కరిగించేవాళ్లు. ఆమె సినిమాల్లో సగానికి అటూ ఇటూ ఏదో ఒక రూపంలో మిగిలాయంటే ఆ కాలానికి అది అదృష్టమే.

1920లో ఆమె సొంతంగా ఆర్ట్-ఫిల్మ్ కంపెనీ పెట్టింది. తొలి సినిమా ‘హామ్లెట్’, దర్శకులు స్వెండ్ గాడె, హైన్స్ షాల్. 1921 ఫిబ్రవరిలో బెర్లిన్‌లో విడుదలైంది. హామ్లెట్‌ని ఆడది మగవేషంలో వేసిందని చాలామంది రాస్తారు, ఆ మాట సరికాదు. ఈ కథలో హామ్లెట్ పుట్టుకతోనే ఆడపిల్ల. యుద్ధంలో రాజు చచ్చిపోయాడన్న కబురు విని, సింహాసనం పోకుండా రాణి కొడుకు పుట్టాడని చాటిస్తుంది. తీరా రాజు బతికి తిరిగొస్తాడు, అబద్ధం వెనక్కి తీసుకోలేరు. హామ్లెట్ ఆడదని 1881లో ఎడ్వర్డ్ వైనింగ్ అనే అమెరికన్ రాసిన పుస్తకమే దీనికి ఆధారాల్లో ఒకటి. దీంతో షేక్‌స్పియర్‌లోని తటపటాయింపుకి కొత్త అర్థం వస్తుంది: ఈ హామ్లెట్ స్నేహితుడు హొరేషియోని ప్రేమిస్తోంది, చెప్పే వీలు లేదు, ఒఫీలియా మీద అసూయ పడాలి, పడుతున్నట్టు కనిపించకూడదు.

ఆ పదేళ్లలో కెమెరా దగ్గరికి వచ్చింది. 1910లో నడుముతో, వీపుతో చెప్పింది ఇక్కడ కళ్లతో చెబుతుంది. కొత్త రాజు క్లాడియస్ ముందు నాటకం ఆడించే సీనులో హామ్లెట్ నేల మీద పాకుతూ అతని వైపు జరుగుతుంది, కళ్లు మాత్రం అతని ముఖం మీంచి తియ్యదు. ఆ చూపు కోసమే ఈ సినిమాకి మంచి కాపీ కావాలి. దశాబ్దాల పాటు నలుపు తెలుపు కాపీలే తిరిగాయి. 2005లో రంగులద్దిన నైట్రేట్ కాపీ ఒకటి బయటపడింది. ఫ్రాంక్‌ఫర్ట్‌లోని జర్మన్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ దాన్ని పునరుద్ధరించి 2007లో బెర్లిన్ ఫిల్మ్ ఉత్సవంలో చూపింది. చూస్తే అదే చూడాలి. ఎడిషన్ ఫిల్మ్‌మ్యూజియం డీవీడీలో ఇది, 1913 నాటి ‘డీ ఫిల్మ్‌ప్రిమడోన్నా’లో మిగిలిన భాగం కలిపి వచ్చాయి.

1920ల తొలి సగం పేరున్న నాటకాల్లోని పాత్రలు: స్ట్రిండ్‌బర్గ్ ‘మిస్ జూలీ’, వెడెకిండ్ ‘ఎర్డ్‌గైస్ట్’లో లూలూ (1923, దర్శకుడు లియోపోల్డ్ యెస్నర్), ఇబ్సెన్ ‘హెడ్డా గాబ్లర్’. లూలూ అంటే అందరికీ 1929లో ఆ వేషం వేసిన అమెరికన్ నటి లూయిస్ బ్రూక్స్ గుర్తొస్తుంది. ఆమెకి ఆరేళ్ల ముందే నీల్సన్ ఆ వేషం వేసింది.

1925లో దర్శకుడు జి.డబ్ల్యూ. పాబ్స్ట్ తీసిన ‘డీ ఫ్రాయిడ్‌లోజె గాసె’ (ఆనందం లేని వీధి) దగ్గర కాపీల సమస్య పరాకాష్ఠకి చేరుతుంది. యుద్ధానంతర వియన్నా, ధరల మంట, మాంసం కొట్టు ముందు రాత్రంతా క్యూలు. రెండు కథలు పక్కపక్కన నడుస్తాయి: ఒకటి గ్రేటా గార్బోది, రెండోది నీల్సన్ చేసిన మరియా లెఖ్నర్‌ది. ఈ సినిమాని ఒక్కో దేశం సెన్సారు ఒక్కో రకంగా నరికింది. తర్వాత గార్బో హాలీవుడ్ తార కావడంతో, అమెరికాలో ఆమె కథ ఉంచి నీల్సన్ పాత్ర హత్య చేసే కథని దాదాపు ఎత్తేశారు. కాబట్టి గంట, గంటన్నర ఉన్న కాపీ చూసి నీల్సన్‌ది చిన్న వేషం అనుకోకండి. మ్యూనిక్ ఫిల్మ్ మ్యూజియం కూర్చిన రెండున్నర గంటల రూపంలో సినిమా బరువంతా మోసేది ఆమే. నలభై మూడేళ్ల వయసులో పడుచుపిల్ల పాత్ర వేసిందన్న విమర్శ నిజమే. అయినా నేరం చేసినదని తెలిశాక ఆమె ముఖంలో కదలిక ఆగిపోయే ఆ షాట్లు చూశాక వయసు లెక్క గుర్తుండదు.

అప్పటికి వ్యాపారం ఆమె చేతిలో లేదు. సిరీస్ పద్ధతి పోయింది, పెద్ద కంపెనీలు తమ తారల్ని తామే తయారుచేసుకుంటున్నాయి, సొంత నిర్మాణం భారమైంది. 1927లో బ్రూనో రాన్ ‘డిర్నెన్‌ట్రగోడీ’ (వేశ్య విషాదం) తీశాడు. వయసు మళ్లిన వీధి వేశ్య, ఇల్లొదిలి వచ్చిన కుర్రాడి మీద ఆశ పెట్టుకుంటుంది. వయసు దాచడం మాని వయసునే పాత్ర చేసుకున్న సినిమా ఇది, ఆమె చివరి గొప్ప పని. ఆ తర్వాత ఎక్కువగా నాటకాలు. 1932లో ఒక్క టాకీ, ‘ఉన్‌మోగ్లిహె లీబె’ (అసాధ్యమైన ప్రేమ). టాకీ రాగానే గొంతు బాగాలేక ఓడిపోయిందన్న మాట నమ్మకండి. ఆమె రంగస్థలం మీద పుట్టిన నటి. యాభై ఒకటో ఏట కథానాయిక వేషాలు రాకపోవడం, మరుసటి ఏడాది నాజీలు అధికారంలోకి రావడం, ఇవీ అసలు కారణాలు. కొత్త పాలకులు ఆమెకి సొంత కంపెనీ ఆశచూపి పిలిచారు, ఆమె ఒప్పుకోలేదు. 1930ల నడిమికి జర్మనీ వదిలి డెన్మార్క్ చేరింది.

స్వదేశం ఆమెని నెత్తినేమీ పెట్టుకోలేదు. సినిమా హాలు నడపడానికి లైసెన్సు అడిగితే ఇవ్వలేదు. 1945–46లో రెండు భాగాలుగా ఆత్మకథ రాసింది, గుడ్డముక్కలతో చిత్రాలు కూర్చడంలో మంచి పేరు తెచ్చుకుంది, 1968లో తన మీద తానే ఒక డాక్యుమెంటరీ తీసింది. 1972 మేలో కన్నుమూసింది. ఆత్మకథని చదవండి, కానీ తేదీలకి దాన్ని ఆధారం చేసుకోవద్దు. నటి తన గురించి చెప్పుకున్న కథగా చదవండి.

వెతికేటప్పుడు పేర్లతో చిక్కు వస్తుంది. ఒకే సినిమాకి డానిష్‌లో ఒకటి, జర్మన్‌లో ఒకటి, ఇంగ్లిష్‌లో రెండు మూడు పేర్లుంటాయి. ‘ఆఫ్‌గ్రుండెన్’ జర్మనీలో ‘ఆబ్‌గ్రుండె’. మూల పేరు, దర్శకుడు, ఏడాది మూడూ కలిపి వెతికితే ఒకే సినిమాని రెండుగా లెక్కపెట్టే పొరపాటు జరగదు.

చూసే వరస చెప్పమంటే: ముందు ‘ఆఫ్‌గ్రుండెన్’. డానిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వాళ్ల స్టుమ్‌ఫిల్మ్ డాట్ డీకే సైటులో డానిష్ మూకీలు ఉచితంగా ఉన్నాయి, హైదరాబాద్‌లో కూర్చుని చూసినా, డాలస్‌లో కూర్చుని చూసినా అక్కడే మొదలుపెట్టండి. ఒకసారి కథ కోసం, రెండోసారి ఆమె ఒక్కదాని కోసం. అదే సైటులో ‘డెన్ సోర్టె డ్రోమ్’ వెతకండి, అప్పటి డానిష్ నటుడు వాల్డెమార్ సిలాండర్ పక్కన సర్కస్ పిల్లగా ఎంత తేలిగ్గా ఉంటుందో తెలుస్తుంది. ‘మోడ్ లూసెట్’ నీతిబోధ ఎక్కువ, తర్వాతైనా ఫరవాలేదు. రెండోది ‘ఎంగెలైన్’. విషాదాల కంటే ముందు నవ్వు చూస్తే ఆమె పరిధి తెలుస్తుంది. మూడోది రంగుల ‘హామ్లెట్’, నాలుగోది రెండున్నర గంటల పాబ్స్ట్ సినిమా, ఆ తర్వాత ‘డిర్నెన్‌ట్రగోడీ’. రోజుకొకటి మించొద్దు. ఎదురయ్యే కాపీ మీద ఏ ఆర్కైవ్ పునరుద్ధరించిందో, నిడివి ఎంతో, సెకనుకి ఎన్ని ఫ్రేములో రాసి లేకపోతే, పైన చెప్పినట్టు ముందు వీధిలో నడిచే జనాన్ని చూసి వేగం సరిచూసుకుని, అప్పుడు నటన జోలికి వెళ్లండి.